‘జరగను’ పాడిందెవరు?

జూన్ 2

అత్తా,

ఈ పార్సిల్‌ని కత్తి పెట్టి కోసెయ్యకు. నీ దూకుడు నాకు తెలుసు. లోపల పాట ఉంది. మా పాటే. ‘గ్రీజు మరకలు’ అనే ముగ్గురు మనుషుల గ్యారేజీ రాక్ బ్యాండు వేసిన మొట్టమొదటి రికార్డు. చిన్న రికార్డు. ఒక వైపు ఒకటే పాట, పేరు ‘జరగను’. రెండోవైపు ఉత్త వాయింపు, అది వినకపోయినా నేరం కాదు.

నాన్న షెడ్డులోనే రికార్డు చేశాం. పని లేని ఆదివారం చూసుకుని, కంప్రెసర్ ఆపేసి, విప్పి పడేసిన కారు సీట్లన్నీ డ్రమ్ముల చుట్టూ గోడలా పేర్చాం. నాన్నని స్టూలు మీద కూర్చోబెట్టి, దగ్గావంటే ఊరుకోమని బెదిరించాం. పాపం, పాట అయిపోయాక కూడా చాలాసేపు గుడ్లు తేలేసి కూర్చున్నాడు. “అయిపోయిందా? ఇంక దగ్గొచ్చా?” అని అడిగి మరీ దగ్గాడు.

డ్రమ్ములు పెయింటరువి. అదే, కార్లకి రంగు కొట్టేవాడు, దేవుడున్నాడని నీతో వాదనకి దిగి భోజనం చెయ్యకుండా పారిపోయినవాడు. బాస్ గిటారు మా ఎలక్ట్రీషియన్‌ది. నోట్లోంచి మాట రాదని అందరూ ‘మౌనం’ అంటారు. గిటారు నేను. పాడింది ఎవరో మాత్రం చెప్పను. అట్ట మీద కూడా వెయ్యలేదు. ఎవరి పేరూ వద్దు, పని అందరిదీ అని చిన్నప్పటి నుంచీ నా బుర్రలో నూరిపోసింది నువ్వే కదా. విని నువ్వే కనిపెట్టు.

ఈ రికార్డు నిలబడితే కంపెనీవాళ్ళు రెండోది వేస్తామన్నారు. లేదంటే స్పేర్ పార్టుల కౌంటరు వెనక నా కుర్చీ ఎక్కడికీ పోలేదు. మొహమాటం లేకుండా చెప్పే మనిషివి నువ్వొక్కదానివే. చెప్పు.

రికార్డు నడుమ బొక్క పెద్దది. నీ ప్లేయరు కడ్డీకి సరిపోయేలా నాన్న లేతు మీద ఇత్తడి బుష్ ఒకటి చేశాడు. అది బొక్కలో పెట్టి వెయ్యి.

నీ గండుచీమ


జూన్ 12

ఒసే గండుచీమా,

కత్తితోనే కోశాను. రికార్డుకేం కాలేదు, అట్టకి చిన్న గాటు పడింది. పోరాటంలో ఆ మాత్రం దెబ్బలు తప్పవు.

నీ పాట గురించి తర్వాత. ముందు ఆ ఆదివారం పెద్దమనిషి సంగతి తేల్చాలి. పెద్ద దినపత్రికలో ఆదివారం పేజీ నిండా కాళ్ళు చాపుకుని కూర్చుంటాడే, ఆ సంగీత విమర్శకుడు. నువ్వూ చదివే ఉంటావు. మళ్ళీ రాస్తున్నాను, ఎందుకంటే ఇలాంటి వాక్యాలు చేత్తో రాస్తే గానీ నాకు ఒళ్ళు పూర్తిగా మండదు: “‘జరగను’ అనే ఈ గ్యారేజీ రాక్ పాటలో ఉన్నదంతా హడావిడి, కేకలు, వంటింట్లో గిన్నెలు దొర్లిన చప్పుడు. ఆ గొంతుకి పాడటం రాదు. నేర్పినా రాదు.”

వంటిల్లు ఏం పాపం చేసిందే ఇతనికి? మూడు పూటలా అందులోంచి వచ్చిందే మింగుతాడు, తిట్టాల్సి వస్తే దాన్నే తిడతాడు. సరే, మగబుద్ధి, అది నాకు కొత్త కాదు. అసలు నన్ను మండించింది ‘హడావిడి’ అన్న మాట. ఎక్కడుందే హడావిడి? నేను కిటికీ తలుపులు తెరిచి, ఒక రోజంతా అదే పాట వేశాను. ప్రతి మాటా బరువు మోసుకుంటూ మెట్లెక్కే మనిషి అడుగులా పడుతోంది. డ్రమ్ము ఒక దెబ్బ కొట్టి, ఆలోచించుకుని ఇంకోటి కొడుతోంది. నాలుగు నిమిషాల పాటు ఎక్కడా తొందర లేదు. ఇది విని హడావిడి అన్నవాడు పాట వినలేదని తేలిపోయింది కదా! వినకుండానే రాశాడు! ఆ మాటే నేను రాసే మన మాసపత్రికలో అచ్చు వేయిస్తున్నాను. రాసేశాను కూడా. ఎడిటరు “కాస్త తగ్గిద్దామా” అన్నాడు. తగ్గించేది లేదన్నాను.

పాడిందెవరో కూడా కనిపెట్టాను. వ్యాసంలోనే చూసుకో. వింటూంటే కళ్ళు చెమర్చాయని నీకు మాత్రం చెబుతున్నాను, ఎవరితోనూ అనకు.

కింద ఇంట్లో ఉన్న రిటైర్డు ఆడిటరు కర్రతో పైకప్పు పొడిచాడు. నేను చెప్పుతో నేల మీద కొట్టి జవాబిచ్చాను. ప్రెస్సులో ఈ వారం నేను ప్రూఫులు దిద్దుతున్న పుస్తకం కోపాన్ని జయించడం గురించి. నాలుగో అధ్యాయం దాకా వచ్చాను. ఇంకా జయించలేదు.

మా తమ్ముడికి చెప్పు, బుష్ బిగుతుగా కూర్చుంది.

మీ అత్త


జూన్ 28

అత్తా,

ఎలా ఉన్నావని అడగను. రాసి పారేసినవాళ్ళు బాగానే ఉంటారు.

నీ వ్యాసం నాకంటే ముందు రికార్డుల కంపెనీ మేనేజరుకి చేరింది. పత్రిక చంకలో పెట్టుకుని షెడ్డుకే వచ్చాడు మహానుభావుడు. కౌంటరు మీద పరిచి, ఎర్రగీత గీసుకొచ్చిన చోట వేలు పెట్టి, “చదువమ్మా, మీవాళ్ళు రాసిందే” అన్నాడు. పెయింటరు, మౌనం, నాన్న, ఇంజనాయిల్ మార్పించుకోవడానికి వచ్చిన ఎవరో పెద్దాయన, అందరూ నిలబడి వింటూంటే నేను గట్టిగా చదివాను:

“కంపెనీలు ఆడపిల్లల చేత బొమ్మల్లా కీచుమనిపిస్తున్న ఈ రోజుల్లో, ఈ యువకుడి గొంతు నేల పొరల్లోంచి వచ్చింది. ఇంత బరువు, ఇంత లోతు ఏ ఆడగొంతులోనూ నేనింతవరకు వినలేదు.”

పాడింది నేను, అత్తా. మొదటి మాట నుంచి చివరి అరుపు దాకా నేను. మా బ్యాండులో మగవాళ్ళు నోరు తెరిచింది ఒకటి, రెండు, మూడు అని లెక్క చెప్పడానికే.

మేనేజరు ముఖం వెలిగిపోతోంది. “చూశావా? అటు విమర్శకుడూ నీ గొంతు వద్దంటున్నాడు, ఇటు మీ అత్తగారూ మగగొంతే కావాలంటున్నారు.”

“అత్తగారు కాదు. మేనత్త.”

“ఎవరైతేనేం, చెవులున్న మనిషి. రెండో రికార్డు వేస్తాం. కానీ పెయింటరు పాడాలి. నువ్వు గిటారు వాయించుకో. అట్ట మీద మాత్రం అందరికంటే ముందు నిన్నే నిలబెడతాం.”

అంటే నేను కనపడొచ్చు. వినపడకూడదు.

బళ్ళో పాటల బృందంలో టీచరు నన్ను వెనక వరసలో నిలబెట్టి, “నువ్వు పెదాలు కదుపు చాలు” అనేది. ఇంటికొచ్చి ఏడిస్తే నువ్వు చెప్పులేసుకుని హెడ్‌మిస్ట్రెస్ గదిలోకి వెళ్ళి, ఆవిడ బల్ల మీద చెయ్యి వేసి మాట్లాడావు. ఆ రోజు నుంచీ నా గొంతుకి నువ్వొక దిక్కనుకున్నాను. ఇప్పుడు నువ్వు కూడా పెదాలు కదపమనే అంటున్నావు.

ఆ విమర్శకుడు వినకుండా రాశాడన్నావు. మరి నువ్వో? మా పాట మూడు నిమిషాలు కూడా లేదు. నువ్వేమో నాలుగు నిమిషాల పాటు మెట్లెక్కావు! అట్ట చూసి, పేరు చూసి, పెయింటరు భుజాలు గుర్తు తెచ్చుకుని రాసేశావు. ఆయన తిట్టాడు, నువ్వు పొగిడావు. వినకపోవడంలో ఇద్దరూ ఒకటే.

ఇట్లు,
వెనక వరసలో పెదాలు కదిపే మనిషి


జూలై 3

కోడలుపిల్లా,

నేను వినలేదా? నేనా? ముల్లు అరిగిపోయేదాకా విన్నాను. నమ్మకపోతే కింద ఆడిటరుని అడుగు, అతనికి ఇప్పుడు మీ పాట కంఠతా వచ్చు. మెట్ల మీద ఎదురుపడితే “జరగను” అని తనే అంటున్నాడు, పక్కకి తప్పుకోకుండా.

నీ ఉత్తరం చదివి ముందు నీ మీద మండిపడ్డాను. తర్వాత కూర్చుని వరసగా ఆలోచించాను. మనిషన్నాక ఆలోచించాలి కదా. నువ్వు పాడానంటున్నావు. నువ్వు అబద్ధమాడే పిల్లవి కాదు. నాకు వినపడుతున్నది నూటికి నూరుపాళ్ళూ మగాడి గొంతు. నేను చెవిటిదాన్ని కాదు. నీది నిజం, నాదీ నిజం అయితే మధ్యలో మిగిలిన అబద్ధం ఎవరిది? కంపెనీది!

నీకింకా అర్థం కాలేదా, పిచ్చిమొద్దూ? నీ గొంతు తీసేసి, ఎవడో కిరాయి గాయకుణ్ణి తెచ్చి, నెమ్మదిగా పాడించి రికార్డులు అచ్చుకొట్టారు. మంచి పేరొస్తే మగగొంతు గొప్పంటారు. చెడ్డపేరొస్తే ఆడపిల్ల పాడిందంటారు. ఎటు తిరిగినా వాళ్ళకే లాభం. ఇలాంటి ఏర్పాట్లు నేను ఇరవై ఏళ్ళుగా చూస్తున్నాను. ప్రెస్సులో ఆడవాళ్ళు దిద్దిన పుస్తకాలకి ఎవరి పేర్లు పడతాయో నాకు తెలీదా?

సాక్ష్యం నా చేతిలో ఉంది, గుండ్రంగా, నల్లగా. రెండో వ్యాసం మొదలుపెట్టాను. శీర్షిక ‘గొంతు దొంగలు’. మేనేజరు కాళ్ళా వేళ్ళా పడ్డా సంతకం పెట్టకు. పెయింటరు కుర్రాడికి చెప్పు, అతను పాడలేదని తెలిసి నాకు కాస్త దిగులేసింది.

ఒకటి మాత్రం గుర్తుపెట్టుకుంటాను. నన్ను ఆ ఆదివారం పెద్దమనిషి పక్కన కూర్చోబెట్టావు. నా మీద ఇంతకంటే పెద్ద తిట్టు మా శత్రువులు కూడా ప్రయోగించలేదు.

మీ అత్త


జూలై 10

అత్తా,

నీ ఉత్తరం షెడ్డులో పైకి చదవడం నా తప్పు. ‘గొంతు దొంగలు’ అన్న దగ్గరికి వచ్చేసరికి పెయింటరు చేతిలో పెద్ద పానా ఉంది. “మేనేజరు ఆఫీసు ఎన్నింటికి మూస్తారు?” అంటాడు. నాన్న అడ్డం నిలబడి, “ఒరేయ్, ఆ పానా నాది, కస్టమరు బండి సగం విప్పి ఉంది” అన్నాడు. పెళ్ళాన్నో పిల్లల్నో తలుచుకుని ఆగాడని చెప్పను, పానా కోసం ఆగాడు.

ముందు చూద్దామని మౌనం తన ప్లేయరు తెచ్చాడు. బజార్లో కొత్త కాపీ కొన్నాం. వేశాం. నేనే. మళ్ళీ వేశాం. మళ్ళీ నేనే. పెయింటరు డబ్బా మీద కూర్చుని, “అత్తకి మతి పోయిందా?” అంటున్నాడు, నేను “అత్తని ఏమీ అనకు” అంటున్నాను. ఈ గోలకి విసుగొచ్చి మౌనం, ఇంక చాల్లే అన్నట్టు, తిరుగుతున్న రికార్డు అంచు మీద వేలు ఆనించాడు. ఆపలేదు. ఆనించాడంతే. రికార్డు నెమ్మదించింది.

అత్తా, నా గొంతులోంచి ఒక మగాడు లేచాడు.

వాడు నా మాటలే పాడుతున్నాడు, బరువుగా, తాపీగా, ఎవరో పోయినట్టు. వేలు తీస్తే నేను. వేలు పెడితే వాడు. నీ ఇంట్లో ఉన్నవన్నీ పెద్ద రికార్డులే కదా, ఉపన్యాసాలవీ, నాటకాలవీ. పెద్దవి నెమ్మదిగా తిరగాలి. చిన్నవి గబగబా తిరగాలి. ప్లేయరు పక్కన ఒక మీట ఉంటుంది, చిన్న రికార్డు వేసినప్పుడు దాన్ని అటు తొయ్యాలి. నువ్వు తొయ్యలేదు. దొంగలూ లేరు, కిరాయి గాయకుడూ లేడు. వినలేదని నిన్ను అన్నాను. విన్నావు, పాపం, రోజంతా విన్నావు. ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను.

నేల మీద పడి దొర్లి నవ్వాం. నాన్నకి దగ్గొచ్చింది. తర్వాత ఆదివారం పేపరు చూసి నవ్వు ఆగిపోయింది. ఆయన నీ వ్యాసానికి జవాబు రాశాడు: “మాసపత్రిక వారు విన్న ఆ మగగాయకుడు ఎవరో మాకు తెలియదు. దొరికితే ఆ బ్యాండుకి మంచి రోజులే.” ఊరంతా అదే చెప్పుకుని నవ్వుతున్నారు. మేనేజరు మాత్రం నవ్వట్లేదు. పెయింటరు పాడతాడా లేదా, ఇరవై ఒకటో తారీకు సోమవారం వచ్చి తేల్చి చెప్పమన్నాడు.

పెయింటరు “నేను పాడితే కుక్కలు కూడా లేచిపోతాయి, నా వల్ల కాదు” అంటున్నాడు. కానీ ఈ రికార్డు అతనికి ఎంత కావాలో నాకు తెలుసు. మౌనానికి ఎంత కావాలో అతను చెప్పకపోయినా తెలుసు. నా ఒక్కదాని గొంతు కోసం ముగ్గురి పాటా ఆగిపోవాలా? నేనే తప్పుకుంటే పోతుందేమో అనిపిస్తోంది.

ఆ రెండో వ్యాసం చింపెయ్. మీట తోసి, ఒక్కసారి విను. నచ్చకపోతే నచ్చలేదనే రాయి. కానీ అది నేను అని తెలిసి విను.

గండుచీమ


జూలై 15

ఒసే,

మీట తోశాను. ఇన్నేళ్ళూ అది ప్లేయరుకి అందం కోసం పెట్టారనుకున్నాను. గట్టిగా ఉంటే ప్రూఫులు దిద్దే పెన్సిలు చివరతో తోశాను.

పాట మొదలైంది. నా నోట్లోంచి వచ్చిన మొదటి మాట ఏమిటో చెప్పనా? నీకు చెప్పకపోతే ఇంక ఎవరికి చెప్పినా దండగ. “అబ్బా, ఏమిటీ కీచు!” అన్నాను.

చదివి ఆగావా? నేనూ అక్కడే ఆగిపోయాను. ముల్లు ఎత్తి పక్కన పెట్టి, కుర్చీలో కూలబడ్డాను. అవే మాటలు, అదే పాట, అదే గొంతు. మగాడిదనుకున్నన్నాళ్ళూ లోతు. నీదని తెలిశాక కీచు. ఆడవాళ్ళు గట్టిగా మాట్లాడితే అరిచారంటారు, మగవాళ్ళు అరిస్తే గట్టిగా మాట్లాడారంటారు అని నేను సభల్లో చెప్పి చెప్పి చప్పట్లు కొట్టించుకున్నాను. ఆ చప్పట్లన్నీ ఎక్కడ దాచుకున్నానో గానీ, చెవిలోకి మాత్రం ఒక్కటీ వెళ్ళలేదు. నువ్వు నన్ను ఆ ఆదివారం పెద్దమనిషి పక్కన కూర్చోబెట్టావని కోపం తెచ్చుకున్నాను కదా. ఎవరూ కూర్చోబెట్టక్కర్లేదు, మేమిద్దరం ఎప్పటి నుంచో ఒకే బెంచీ మీద ఉన్నాం. నేను కాస్త ఎడమ చివర, అంతే.

మళ్ళీ వేశాను. నీ గొంతు తియ్యగా అయిపోయిందని అబద్ధం చెప్పను. కీచుగానే ఉంది. రేకు మీద మేకు గీసినట్టుంది. కానీ ఈసారి మాటలు విన్నాను: “దారి నీ అబ్బదా, నేను జరగను, తోస్తే పడతాను గానీ జరగను.” ఇది తాపీగా, గంభీరంగా చెప్పే మాట కాదే. పక్కకి తోస్తుంటే మనిషి ఆ క్షణాన ఎలా అరుస్తుందో అలాగే ఉంది. నెమ్మదిగా విన్నప్పుడు నేను ఏడ్చింది ఓడిపోయినవాడి పాటకి. ఇది ఓడినవాళ్ళ పాట కాదు. ఒళ్ళు జలదరించింది. కింద ఆడిటరు పొడవడం ఆపేశాడు, బహుశా భయపడ్డాడు.

ఇప్పుడు పని మాట. ఆ పెద్ద దినపత్రికకే సవరణ పంపాను. మన పత్రిక వచ్చే నెల దాకా రాదు, నీకు సోమవారం లోపల కావాలి. వాళ్ళు వేస్తారు. నన్ను నవ్వులపాలు చెయ్యడానికైనా మంచి చోటు చూసి వేస్తారు. అందులో ఏం రాశానో విను:

“నేను మగవాడిదని పొగిడిన గొంతు ఒక ఆడమనిషిది. నా ప్లేయరు తప్పు వేగంలో తిరిగింది. నా చెవి అంతకుముందు నుంచే తప్పు వేగంలో తిరుగుతోంది. సరైన వేగంలో వినగానే నేనూ కీచన్నాను. విమర్శకుడుగారు కేకలన్నారు. తేడా ఏమిటంటే నేను నా చెవిని అనుమానించాను. ఆయన ఇంకా ఆ గొంతునే అనుమానిస్తున్నారు. ఆయన ప్లేయరు బాగానే ఉందని విన్నాను.”

మన పత్రిక ఎడిటరు సంగతి తెలిసి ఫోను చేసి, “మీ పరువు పోతుంది మేడమ్” అన్నాడు. పోనీ. ఎన్నాళ్ళని దుమ్ము దులుపుతాను దానికి?

నువ్వు తప్పుకోవడం గురించి. త్యాగమనేది మన ఇంట్లో ఆడపిల్లలకి పుట్టగానే కొలతలు తీసి కుట్టించే గౌను. నాకూ కుట్టించారు, పట్టలేదు. నీకు అసలు పట్టదు. పెయింటరు నిన్ను తప్పుకోమన్నాడా? లేదు. మౌనం అన్నాడా? అతను ఏదీ అనడు. మరి వాళ్ళ తరఫున నువ్వెవరివే ఓటెయ్యడానికి? వెళ్ళి వాళ్ళనే అడుగు. అడిగి, ముగ్గురూ కలిసి వెళ్ళండి.

కీచుగా ఉన్నావు. అలాగే ఉండు.

అత్త


జూలై 24

అత్తా,

కీచు అన్నందుకు కోపం రాలేదు. బాగుందని రాసి ఉంటే అప్పుడు నిజంగా మాట్లాడేదాన్ని కాదు.

నీ సవరణ పేపర్లో వచ్చింది. పైన ‘అత్తగారి చెవి’ అని పేరు పెట్టారు, మేనత్తని మళ్ళీ అత్తగార్ని చేశారు. నాన్న దాన్ని కత్తిరించి కౌంటరు వెనక గోడకి అంటించాడు. స్పేర్ పార్టులకి వచ్చినవాళ్ళందరూ చదివి, తిరిగి నన్ను చూసి, “నువ్వేనా?” అంటున్నారు. నేనే అంటున్నాను.

నువ్వు చెప్పినట్టు వాళ్ళిద్దర్నీ అడిగాను. పెయింటరు తిట్టాడు, ఆ తిట్టు ఉత్తరంలో పట్టదు. మౌనం నా గిటారు తీసి నా మెడలో వేసి వెళ్ళిపోయాడు.

సోమవారం ముగ్గురం వెళ్ళాం. మేనేజరు లేచి నిలబడి చెయ్యి కలిపాడు! ముందు బెంచీ చూపించేవాడు, ఇప్పుడు కుర్చీలు తెప్పించాడు. “అద్భుతమమ్మా! ఊరంతా ఇదే మాట! పెయింటరు పాడక్కర్లేదు, నువ్వే పాడు. అట్ట మీద ఇలా వేద్దాం: మీట తొయ్యండి, అమ్మాయిని అబ్బాయిని చెయ్యండి! రెండో రికార్డు కూడా నెమ్మదిగా వేస్తే మగగొంతులా వచ్చేటట్టు చూసి పాడాలి. జనం రెండు వేగాల్లోనూ వేసుకుని నవ్వుకుంటారు.”

“నవ్వుకోవడానికి పాడలేదండీ.”

“అబ్బ, ఎలా వింటే నీకేంటమ్మా? కొనుక్కున్నవాళ్ళ ఇష్టం.”

“కొన్నవాళ్ళు వాళ్ళింట్లో తలకిందులుగా పెట్టుకుని వినమనండి. ఇలా వినండని అట్ట మీద నేను చెప్పను. నా గొంతు నేను పాడిన వేగంలోనే ఉంటుంది.”

“ఇంత మంచి అవకాశం మళ్ళీ రాదు.”

అప్పుడు పెయింటరు అందుకున్నాడు. “సార్, కింద ఆ ఎర్రకారు మీదేనా? రేపు షెడ్డుకి పంపండి. ఒక పక్క ఎరుపు ఉంచి, ఇంకో పక్క పసుపు కొడతా. రోడ్డుకి అటు నిలబడ్డవాళ్ళూ నవ్వుతారు, ఇటు నిలబడ్డవాళ్ళూ నవ్వుతారు. మీకేంటి?”

మేనేజరుకి నవ్వు రాలేదు. మౌనం లేచి నిలబడ్డాడు. “పదండి” అన్నాడు. ఆ ఒక్క మాటతో మా చర్చలు ముగిశాయి.

కాబట్టి కంపెనీ లేదు. రెండో రికార్డు ఎవరు వేస్తారో, అసలు ఎప్పటికైనా వస్తుందో రాదో నాకు తెలీదు. బయటికొచ్చాక ముగ్గురం ముందు ఎక్కడైనా పాడదాం అనుకున్నాం.

నిన్న సాయంత్రం బస్సుల డిపో గేటు ముందు పాడాం, షిఫ్టు మారే వేళకి. టీ కొట్టువాడు కరెంటిచ్చాడు, ఎక్కువ సేపు కాదని ఒట్టు పెట్టించుకుని. మొదలుపెట్టగానే ఇద్దరు చెవులు మూసుకున్నారు. ఒక డ్రైవరు హారన్ కొట్టాడు. ఒకాయన ఆదివారం పేపరు చదివే మనిషి కాబోలు, “నెమ్మదిగా పాడు, మగాడు వస్తాడేమో చూద్దాం” అని అరిచాడు, చుట్టూ ఉన్నవాళ్ళు పగలబడి నవ్వారు. నేను ఇంకాస్త పైకి వెళ్ళాను. నవ్వు వినపడనంత పైకి.

పాట అయ్యాక చూస్తే ఎదురుగా ఒక కండక్టరమ్మ నిలబడి ఉంది. నీ వయసుంటుంది. భుజాన టిక్కెట్ల సంచి, ఇంకా డ్యూటీ దిగినట్టు లేదు.

“ఏమిటమ్మాయ్ ఈ కేకలు?”

“పాటండీ.”

“ఇది పాటా?”

“పాటే.”

నన్ను ఎగాదిగా చూసింది. నేను తిట్టు కోసం సిద్ధంగా ఉన్నాను. ఆవిడ సంచి దింపి, గేటు మెట్టు మీద కూర్చుని, మడమ నొక్కుకుంది. “పొద్దున్నుంచీ లోపలికి జరగండి, జరగండి అని అరిచి అరిచి నా గొంతు పోయింది. ఒక్కడూ జరగడు. అడ్డం నిలబడి, గట్టిగా అరవకమ్మా అని నాకే చెబుతాడు.” అని, తల ఎత్తింది. “నువ్వేదో జరగనంటున్నావు. ఏదీ, ఇంకోసారి అరిచి వినిపించు.”

టీ కొట్టువాడు నా వైపు చూశాడు. ప్లగ్గు పీకలేదు. పెయింటరు లెక్క మొదలుపెట్టాడు.

నీ కీచుగొంతు కోడలు